ఏటిగడ్డ మారువేట

పదకొండో మొసలి కడుపులో కూడా సుంకులమ్మ లేదు.

కంబన్న మోచేతుల దాకా చేతులు లోపలికి దూర్చి, కళ్లు మూసుకుని, వేళ్లతోనే వెతికాడు. గులకరాళ్లు తగిలాయి. ఒక్కొక్కటే బయటికి తీసి, పక్కనున్న నీళ్ల సట్టిలో కడిగి ఇసుక మీద పెట్టాడు. ప్రతి మొసలి కడుపులోనూ రాళ్లుంటాయని అతనికి తెలుసు. అయినా గుండ్రంగా ఏది తగిలినా ఊపిరి ఆగేది. తాబేలు చిప్ప ముక్క ఒకటి వచ్చింది. మేక మెడలో కట్టే గంట ఒకటి వచ్చింది, లోపలి నాలుక ఊడిపోయి. చివరికి పేగు కూడా కొస దాకా చీల్చి చూశాడు. వెండి లేదు.

"ఉండాదా బావా?" గట్టు మీది నుంచి శివన్న అడిగాడు. సుంకులమ్మ తమ్ముడతను.

"లేదప్పా."

మొదటి మొసలిని కోసిననాడు ఈ మాట వినగానే ఊరు ఊరంతా ఒక్క గొంతుతో ఏడ్చింది. నాలుగోదాని నాడు ఆడవాళ్లు మాత్రం ఏడ్చారు. ఈ రోజు ఎవరూ ఏడవలేదు. కంబన్న లేచి చేతులు కడుక్కోకముందే నలుగురు మగవాళ్లు కత్తులు పట్టుకుని దిగారు. వెనకెక్కడో ఎవరో నవ్వి, చప్పున ఆపుకున్నారు.

"కానీండి, కానీండి. ఎండెక్కితే తోలు పాడైపోతాది," అన్నాడు రంగన్న, ఉప్పు మూటను కాలితో ముందుకు తోస్తూ.

రంగన్న కర్నూలు మనిషి. మద్రాసులో ఏదో తోళ్ల కంపెనీకి సరుకు పంపుతాడు. తెల్ల చొక్కా, మోకాళ్ల పైకి ఎగగట్టిన పంచె, ఎవరితోనైనా ఇట్టే కలిసిపోయే నోరు. మొసలి వీపు తోలు అతనికి అక్కర్లేదు, అది బండలా ఉంటుంది. కావలసింది పొట్ట తోలు. దాన్ని మెత్తబరిచి దొరసానుల చేతిసంచులు కుడతారట.

"దొరసాన్లంతా పడవెక్కి పోయిరి కదప్పా. ఇంగెవరికి ఆ సంచులు?" అని ఎవరో అడిగారు.

"ఆ దొరసాన్లు పోతే ఏమి, మన దొరసాన్లు దిగలేదా కర్నూలుకు? రాజధాని అంటే ఊరికే అనుకుంటివా?" అన్నాడు రంగన్న. అందరూ నవ్వారు. ఈసారి ఎవరూ ఆపుకోలేదు.

కంబన్న నవ్వలేదు. మోకు పట్టుకుని నిలబడిన అతని కొడుకు చిన్న ఈరన్న కూడా నవ్వలేదు. అతను మొసలి వైపు చూడటం లేదు. ఏటి అవతలి ఒడ్డు వైపు చూస్తున్నాడు.

ఏటిగడ్డ కృష్ణ నడుమ నలభై ఇండ్ల ఊరు. దక్షిణం వైపు గుండ్రటి తోలు పుట్టిలో దాటి నడిస్తే ఆత్మకూరు, అది ఆంధ్ర రాష్ట్రం. ఉత్తరం ఒడ్డు ఎక్కితే హైదరాబాదు రాష్ట్రం. రెండు ఒడ్లవాళ్లూ వీళ్లను మొసలోళ్లు అంటారు. ఆ పేరుకు వీళ్లకెప్పుడూ కోపం రాలేదు. మొసళ్ల నడుమ పుట్లు తోసుకుని బతుకుతూ, వాటి మీద చెయ్యి వేయనివాళ్లం అన్నదే వీళ్ల గొప్ప. మొసలి అనే మాట కూడా నోట పలకరు, పెద్దది అంటారు.

చెయ్యి వేయాల్సిన రోజు ఒకటుంది. పెద్దది మనిషిని తీసుకుపోయిందంటే, ఆ ఇంటి మగవాడు ఈటె పట్టాలి. ఒకదాన్ని కొట్టి, కడుపు కోసి, పోయిన మనిషి ఒంటి మీది వస్తువు ఏదైనా వెతకాలి. గాజో, మొలతాడో, కడియమో. అది దొరికితే దానికే దహనం చేసి కర్మ జరిపిస్తారు. దొరకకపోతే ఇంకొకదాన్ని కొట్టాలి. దొరికేదాకా ఆ ఇంట్లో పొయ్యి వెలగదు. దొరికిన మరుక్షణం ఈటె ఏట్లో కడిగి అటక మీద పెట్టేయాలి. దాన్ని మారువేట అంటారు. కంబన్న ఎరుకలో అది రెండుసార్లు జరిగింది. ఒకసారి మొదటిదాని కడుపులోనే గాజులు దొరికాయి. ఇంకోసారి మూడోదానిలో. పదకొండు దాకా పోవడం ఏ తాతా చెప్పగా వినలేదు.

పదమూడు రోజుల కిందట, కోడి కూసే వేళకు సుంకులమ్మ పడమటి రేవుకు గుడ్డలు ఉతకడానికి పోయింది. తెల్లగా తెల్లవారాక చిన్న ఈరన్న ఒళ్లంతా తడిసి పరుగెత్తుకుంటూ వచ్చాడు.

"నాయనా, అమ్మను పెద్దది తీసకపాయె. నా కండ్లతో చూస్తి."

రేవులో సగం ఉతికిన పంచె ఒకటి రాతి మీద ఉంది. అంతే.

*

ఆ మధ్యాహ్నం ఆత్మకూరు నుంచి గుమాస్తా ఒకడు వచ్చాడు. రేపో మాపో రెండు ఒడ్లూ కలిసి ఒకటే రాష్ట్రం అవుతాయని, ఓట్లున్నవాళ్ల పేర్లు కొత్తగా రాసుకోవాలని అన్నాడు. పుట్టి ఎక్కి దిగేసరికి అతని ముఖం పాలిపోయింది. రావి ఆకంత కాగితం మీద గీతలు గీశాడు.

"మీది ఏ రాష్ట్రమని రాసుకోవాల?"

"ఏటిగడ్డ అని రాయి," అంది సోమక్క, కంబన్న అక్క. అరవై దాటినా ఊళ్లో అందరికంటే ముందు ఆమె గొంతే లేస్తుంది.

"అది ఊరమ్మా. రాష్ట్రం అడుగుతాండా."

"మాకు అదే రాష్ట్రం. వాన వస్తే ఆ ఒడ్డోడు పలకడు, ఈ ఒడ్డోడు పలకడు. ఇప్పుడు ఓటుకు పుట్టి ఎక్కొస్తిరి."

గుమాస్తా నవ్వి, శివన్న వైపు తిరిగాడు. "వృత్తి?"

"మొసళ్లను కొట్టేది," అన్నాడు శివన్న.

గుమాస్తా రాసుకున్నాడు. పక్కవాడూ అదే చెప్పాడు. ఆ పక్కవాడూ అదే. చెప్పేటప్పుడు ఛాతీ కొంచెం ముందుకు వస్తోంది. గోడకు ఆనుకుని కూర్చున్న కంబన్న వింటున్నాడు. ఇదే ప్రశ్న తన తండ్రిని అడిగి ఉంటే పుట్టి తోసేది అని చెప్పేవాడు. చేపలు పట్టేది అని చెప్పేవాడు. పదమూడు రోజుల్లో ఊరి పనే మారిపోయింది. పెద్దది అనే మాట కూడా మారిపోయింది. అందరి నోటా మొసలి అనే వస్తోంది.

"శివన్నా," అన్నాడు. "మనం మొసళ్లను కొట్టేది ఎప్పటినుంచప్పా?"

"మన తాతల కాలం నుంచి బావా. మారువేట మనది కాకపోతే ఎవరిది? ఈ రెండు ఒడ్లలో ఇంకెవనికైనా ఆ గుండె ఉండాదా? రంగన్నే చెప్పె. మద్రాసులో మన పేరు చెప్పుకుంటాండారంట."

"మారువేట ఏడుపు. అది పని కాదు."

శివన్న తల గోక్కున్నాడు. కోపం లేదు అతని ముఖంలో. కొత్త వాసాలు తెచ్చి ఇంటి ముందు పేర్చుకున్నాడు, మూడేళ్ల నుంచి కురుస్తున్న కప్పు కోసం. "నా అక్క బావా ఆమె," అన్నాడు మెల్లగా. "నాకు మాత్రం ఏడుపు లేదా? వెతకొద్దంటావా?"

కంబన్న లేచి ఇంట్లోకి పోయాడు.

దీపాలు పెట్టే వేళ సోమక్క తన ఇంటి నుంచి రాగి సంకటి, ఊరుబిండి పచ్చడి తెచ్చి ముందు పెట్టింది. తండ్రీ కొడుకులకు రెండు ముద్దలు. చిన్న ఈరన్న ముద్దను వేలితో అటూ ఇటూ అని లేచిపోయాడు.

"కూర్చో రా. అమ్మ పోయిందని నువ్వూ పోతావా?" అంది సోమక్క.

"ఆకలి లేదత్తా."

"పదమూడు దినాల నుంచి ఆకలి లేదు వీనికి. ముఖం చూడు, పీర్ల పండగ నాటి బూడిద పూసుకున్నట్టుండాది."

అతను వెళ్లిపోయాడు. కంబన్న చల్లారిన పొయ్యి వైపు చూస్తూ కూర్చున్నాడు. పిల్లి ఒకటి పొయ్యిలోని బూడిదలో పడుకుని ఉంది. సుంకులమ్మ ఉండి ఉంటే దాన్ని చీపురుతో తరిమేది.

"అక్కా, ఆమె కడియాలు గుర్తుండాయా నీకు?"

"ఎందుకుండవు? ఆత్మకూరు కంసాలి కాళ్లకెక్కించి మూతి బిగించినప్పుడు నేనే పక్కన కూర్చుంటి. పదమూడేండ్లు దానికి. అమ్మో అని నా తొడ గిల్లె."

"మళ్లీ తీయలేదు."

"ఎట్ల తీస్తారు? ముప్పై ఏండ్లకు కాలు లావై అవి కండలో కూర్చునె. పోయినేడు కాలు వాచినప్పుడు తీయిద్దాం అంటే ఏమనె? కాలు తీసి కడెం తీయండి అనె." సోమక్క నవ్వబోయి, కొంగు నోట్లో కుక్కుకుంది.

అవి దొరకాలి. కంబన్నకు కావలసింది అదొక్కటే. దొరికితే ఆమెను పంపించవచ్చు. ఇప్పుడామె అటూ కాకుండా ఇటూ కాకుండా ఈ నీళ్లలో ఎక్కడో ఉంది. తెల్లవారి లేచినప్పుడల్లా పక్క తడిమి చూసే చెయ్యి ఊరుకోవడం లేదు.

*

మరుసటి పొద్దున సోమక్కతో సహా ఆడా మగా ఎక్కిన రెండు పుట్లు తూర్పు ఇసుక తిన్నె వైపు తిరిగాయి.

"అటెందుకు?" అన్నాడు కంబన్న. "ఆడ గుడ్ల మీదుండాది పెద్దది."

"మడుగులో ఉన్నవన్నీ బెదిరి కిందికి పోయినాయి బావా. మిగిలింది అదొకటే," అన్నాడు శివన్న.

"గుడ్ల మీదున్న తల్లిని ముట్టరాదు."

"ముట్టరాదని ఎవరన్నారు?"

"మా నాయన అనె."

"మీ నాయన కాలంలో మూడోదాంట్లోనే దొరికె. పన్నెండోది అడగాల్సిన పని ఆయప్పకు రాలేదు." శివన్న తెడ్డు ఆపాడు. "అక్క దాని కడుపులోనే ఉంటే? ఆ తిన్నె పడమటి రేవుకు ఎంత దూరం? నువ్వు వద్దంటే తిప్పేస్తాం. నువ్వు చెప్పు. వద్దను."

ఇరవై మంది అతని వైపు చూశారు. రంగన్న ఆకాశం వైపు చూశాడు. చిన్న ఈరన్న పుట్టి అంచు గట్టిగా పట్టుకుని తండ్రి నోటినే చూస్తున్నాడు.

కంబన్నకు ఆ మొసలి తెలుసు. ముందరి కుడి కాలికి రెండు వేళ్లు లేవు. ఎనిమిదేళ్లుగా ఆ తిన్నె మీదే గుడ్లు పెడుతోంది. అతని పుట్టి మూరెడు దూరంలో పోయినా కళ్లు తెరిచి చూసి మళ్లీ మూసుకునేది. సుంకులమ్మ దాన్ని కుంటి వదిన అని పిలిచేది.

వద్దు అనే మాట గొంతు దాకా వచ్చింది. దాని వెనకే కడియాలు వచ్చాయి.

"అటే పోనీండి," అన్నాడు.

అది నీళ్లలోకి పారిపోలేదు. పారిపోయి ఉంటే బతికేది. మనుషులు చుట్టూ దిగుతుంటే గుడ్లున్న ఇసుక గుంట మీద పొట్ట ఆనించి, నోరు తెరిచి, బుస కొట్టింది. మొదటి పోటు కంబన్నదే, ఆ ఇంటి మగవాడిదే కావాలి. మెడ పక్కన దించాడు. అది తోక కొట్టింది, కానీ గుంట వదలలేదు. మోకులు వేసి నలుగురు పక్కకు లాగితే గానీ గొడ్డలి పడటానికి తావు దొరకలేదు. తర్వాత అంతా గబగబా జరిగింది. పదకొండుసార్లు చేసిన పని, చేతులకు అలవాటైపోయింది.

ఈసారి కంబన్న దాని కడుపులో చెయ్యి పెట్టలేకపోయాడు. మోకాళ్ల మీద కూర్చుని చేతులు చూసుకున్నాడు.

"నేను చూస్తాలే నాయనా," అన్నాడు చిన్న ఈరన్న.

అతను వంగాడు. వీపు అడ్డం పెట్టి చాలాసేపు వెతికాడు. రాళ్లు బయటికి వేశాడు. ఆ తర్వాత చెయ్యి పైకెత్తాడు. నెత్తురు కారుతున్న పిడికిట్లో వెండి కడియం ఒకటి ఉంది.

సోమక్క నేల మీద పడి ఒక్క కేక పెట్టింది. ఆడవాళ్లంతా ఆమె మీద పడ్డారు. కంబన్న కడియాన్ని రెండు చేతులా అందుకుని గుండెకు అదుముకున్నాడు. పద్నాలుగు రోజుల నుంచి లోపల గడ్డకట్టిన ఏడుపు ఒక్కసారిగా కరిగి వచ్చింది. ముసలి మొహం ఇసుకలో పెట్టి, ఎవరు లేపినా లేవకుండా ఏడ్చాడు.

లేచేసరికి చుట్టూ ఉన్న ముఖాలు చూశాడు. అందరి కళ్లలోనూ నీళ్లున్నాయి. అయితే రంగన్న ఉప్పు మూట మూతి బిగిస్తున్నాడు, పెదవి కొరుక్కుంటూ. శివన్న ఏడుస్తూనే ఒకసారి మడుగు వైపు, ఒకసారి ఈటె వైపు చూశాడు. సద్ది విప్పకముందే పని అయిపోయిందన్న కూలివాడి చూపు అది.

"అయిపాయె కదా బావా," అన్నాడు శివన్న. అడుగుతున్నట్టుగా అన్నాడు.

"అయిపాయె," అన్నాడు కంబన్న. ఈటె తీసుకుపోయి ఏట్లో కడిగాడు.

*

మరుసటి పొద్దున దహనం. దానికి ముందు కడియం మూతి కలపాలి. తెరిచి ఉన్న కడియాన్ని చితి మీద పెట్టరు. కంబన్న దాన్ని గుడ్డలో చుట్టుకుని పీర్ బాషా ఇంటికి పోయాడు. ఊళ్లో పుట్లకు తోలు కుట్టేదీ, ఈటెలకు, కత్తులకు పదును పెట్టేదీ అతనే. కంబన్న ఈడువాడు.

"రా అన్నా, కూర్చో." పీర్ బాషా చాప దులిపాడు. లోపలి నుంచి అతని భార్య దౌలత్ బీ గ్లాసుతో టీ తెచ్చి పెట్టి, కళ్లు తుడుచుకుంటూ పోయింది.

పీర్ బాషా కడియాన్ని చింతపండుతో తోమి, నీళ్లలో ముంచి, వెలుతురుకు ఎత్తి పట్టుకున్నాడు. తిప్పాడు. మళ్లీ తిప్పాడు. కళ్ల దగ్గరికి తెచ్చుకున్నాడు.

"అన్నా," అన్నాడు. "ఇది ఎవరు రాకినారు?"

"రాకడమేంది?"

"ఇటు చూడు. కంసాలి బిగించిన మూతి అట్లే ఉండాది, కదల్లే. ఈ పక్క కోసినారు. ఆకురాయితో రాకి, విరిచినారు. గీతలు కనబడటం లేదా? తెల్లగా మెరుస్తాండాది చూడు. కడుపులో పద్నాలుగు దినాలుంటే వెండి నల్లబడల్ల గదా. మిగతాదంతా నల్లగా ఉండె. ఈ కోత ఒకటే కొత్తది."

కంబన్న వేలు పెట్టి చూశాడు. వేలికి గరుకుగా తగిలింది.

"పెద్దది నమిలి విరగ్గొట్టి ఉండొచ్చు," అన్నాడు.

"పెద్దదానికి ఆకురాయి ఎవరిచ్చిరన్నా?" అనేసి, పీర్ బాషా నాలుక కరుచుకున్నాడు.

బయట ఎవరి కోడో పుల్లలు కెలుకుతోంది. కంబన్న దాన్ని చూస్తూ అడిగాడు.

"ఈ ఊళ్లో ఆకురాయి ఎన్నుండాయి బాషా?"

పీర్ బాషా కడియాన్ని చాప మీద పెట్టి, రెండు చేతులూ ఒడిలో పెట్టుకున్నాడు.

"నీదొకటే కదా. ఎవరికిస్తివి?"

"అన్నా, నువ్వు టీ తాగు."

"ఎవరికిస్తివప్పా?"

"మొన్న సాయంత్రం మీవోడు తీసకపాయె. పుట్టి కట్టెలు నునుపు చేసుకుంటా అనె." అతను తల దించుకున్నాడు. "ఇంకో మాట చెప్తా, తర్వాత నన్ను ఏమన్నా అను. రెండు నెలల కింద మూడు గాలాలు చేయించుకపాయె. జానెడు జానెడు గాలాలు. ఏమి రా ఇంత లావు, ఏనుగును పడతావా అంటే, వాలుగ చేపలకు మామా అనె. నేనూ నమ్మితి. ఎందుకు నమ్మను, మన చేతుల్లో పెరిగినోడు."

కంబన్న కడియాన్ని గుడ్డలో చుట్టాడు. మూతి కలపమని అడగలేదు. పీర్ బాషా లేచి వెంట రాబోతే, వద్దని చెయ్యి ఊపాడు.

*

కొడుకు ఇంట్లో లేడు. రేవులో లేడు. చితికి కట్టెలు పేర్చేవాళ్లు, తూర్పు తిన్నె వైపు పోతుంటే చూశామన్నారు. కంబన్న ఒక్కడే పుట్టి తోసుకుంటూ పోయాడు.

చిన్న ఈరన్న గుంట పక్కన బోర్లా పడుకుని, చెవి ఇసుకకు ఆనించి ఉన్నాడు. తండ్రి అడుగుల చప్పుడుకు లేచాడు. కళ్లు ఎర్రగా ఉన్నాయి.

"అరుస్తాండాయి నాయనా," అన్నాడు. "లోపల పిల్లలు. తల్లి వచ్చి తవ్వుతాదని అరుస్తాండాయి."

కంబన్న విన్నాడు. ఇసుక కింద నుంచి, దూరాన కప్పలు అరిచినట్టు, సన్నగా, ఆగి ఆగి వస్తోంది. తల్లి తవ్వి తీయకపోతే గట్టిబడిన ఆ ఇసుకలోంచి అవి బయటికి రాలేవు. అతను గుడ్డ విప్పి కడియాన్ని ఇద్దరి నడుమ ఇసుక మీద పెట్టాడు. కోసిన వైపు పైకి వచ్చేట్టు పెట్టాడు. తర్వాత మోకాళ్ల మీద కూర్చుని రెండు చేతులా ఇసుక తవ్వడం మొదలుపెట్టాడు.

కొడుకు కడియం వైపు చూశాడు. అతనూ తవ్వడం మొదలుపెట్టాడు. మూరెడు లోతున తెల్లటి గుడ్లు కనిపించాయి. ఒకటి పగిలి వేలెడు ముక్కు బయటికి వచ్చి ఉంది. కంబన్న దాన్ని పెంకుతో సహా అరచేతిలోకి తీసుకున్నాడు. అది పసుపు కళ్లతో అతన్ని చూసి, చిన్న నోరు తెరిచి, వేలిని కొరికింది. అతను చెయ్యి వెనక్కి తీసుకోలేదు.

చిన్న ఈరన్న తల ఎత్తకుండా, తవ్వుతూనే మాట్లాడాడు.

"పెద్దది ముట్టలేదు నాయనా అమ్మను. ఒక్క పంటి గాటు లేదు. రంగన్న ఒక తోలు తెచ్చియ్యి చాలు అనె, అంటే నేను గాలాలు చేయిస్తి. పడమటి రేవులో మేక ఊపిరితిత్తులు గుచ్చి, మోకు తుమ్మ వేరుకు కట్టి వస్తి. కోడి కూయకముందే పోయి తీసేద్దాం, ఎవరికీ తెలీదనుకుంటి. నిద్ర పట్టె. నాకు మెలకువ వచ్చేసరికి అమ్మ రేవులో దిగి ఉండాది. నా పంచె ఉతుకుతాండె. పెద్దది గాలం మింగి ఊరికే ఉన్నింది, అమ్మ దిగిన చప్పుడుకు అదిరి లోపలికి పోయె. మోకు చుట్టలు అమ్మ కాలికి పడె. నేను గట్టు మీదుంటి. అమ్మా అని అరిస్తి. నా వైపు చూసె. నా వైపు చూస్తానే పాయె.

"దూకి మోకు కోసి అమ్మను గట్టుకు లాగితి. లేటైపాయె. కాలికి మోకు గుర్తు ఉన్నింది నాయనా, నల్లగా. నువ్వు చూస్తే తెలిసిపోతాదని, అమ్మను రెల్లు దుబ్బుల వెనక ఇసుకలో పూడ్చి వచ్చి, పెద్దది తీసకపాయె అని చెప్పినా. ఒకదాన్ని కొడతారు, అయిపోతాదనుకుంటి. వస్తువు దొరికేదాకా ఆగదని ఆ గడియలో నా బుద్ధికి రాలేదు. నువ్వు కండ్లు మూసుకోని చెయ్యి లోపల పెట్టినప్పుడల్లా చెప్దామని నోరు తెరుస్తి. నాలుగోదాని దగ్గర తెరుస్తి. ఏడోదాని దగ్గర తెరుస్తి. అప్పటికి శివన్న మామ వాసాలు తెచ్చుకునె. అందరూ నా వీపు తట్టి మొసలి వేటగాడంటే వీడు రా అనిరి. ఇంక ఆపేవాడు ఊళ్లో ఎవడూ లేడని తెలిసె. ఆపాలంటే కడెం ఒకటి కావల్ల.

"మొన్న పొద్దు గూకినాక పోయి తవ్వినా. తీయబోతే రాలేదు, కండలో ఉండాది. కోస్తి. ఎడమ కాలి కడెమొకటే. రెండోదానికి చెయ్యి ఆడలేదు నాయనా. అమ్మ కుడి కాలు ఒళ్లో పెట్టుకోని, ఇసుక తుడుచుకుంటా, తెల్లారిందాక ఊరికే కూర్చుంటి."